యుద్ధం కనిపించని యుద్ధం సినిమా: ‘ద స్పిరిట్ ఆఫ్ ద బీహైవ్’ను ఎలా చూడాలి

స్పానిష్ దర్శకుడు విక్తోర్ ఎరిసే 1973లో తీసిన ‘ద స్పిరిట్ ఆఫ్ ద బీహైవ్’ చూసి లేచినవాళ్లు చాలామంది ముందుగా అడిగేది “ఇంతకీ ఏం జరిగింది?” అని. దానికి రెడీగా దొరికే జవాబు ఒక పట్టికలా ఉంటుంది. తేనెపట్టు అంటే నియంత ఫ్రాంకో పాలనలోని స్పెయిన్, తండ్రి అంటే ఓడిపోయిన మేధావులు, చిన్నకూతురు అంటే రేపటి తరం, రాక్షసుడు అంటే... సరిగ్గా ఇక్కడే పట్టిక రాసేవాళ్లకు తమలో తమకే గొడవ మొదలవుతుంది. ఒకరు రాక్షసుడే ఫ్రాంకో అంటారు, ఇంకొకరు కాదు, ఫ్రాంకో చంపేసిన రిపబ్లిక్, అంటే అతనికి ముందున్న ఎన్నికైన ప్రభుత్వం అంటారు, మూడోవాళ్లు అదీ ఇదీ కాదు, పిల్లలతో మాట్లాడని ఆ తండ్రే అంటారు. ముగ్గురి దగ్గరా ఆధారాలున్నాయి, చిక్కంతా అదే.

నన్నడిగితే ఈ సినిమాలో విప్పాల్సిన సీక్రెట్ కోడ్ ఏమీ లేదు. ఉన్నది ఒకరికొకరు చెప్పుకోలేని మనుషులు. వాళ్లు ఏం చెప్పడం లేదు, ఎందుకు చెప్పలేకపోతున్నారు అని చూస్తూ పోతే కథ దానంతటదే అందుతుంది. కాకపోతే ఇందులో రెండు మౌనాలు ఒకదాని మీద ఒకటి పడి ఉన్నాయి. ఒకటి కథ జరిగే 1940 నాటి మనుషుల మౌనం, రెండోది సినిమా తీసిన 1973 నాటి దర్శకుడి మౌనం. ఈ రెండింటినీ కలిపేసి చూడటం వల్లే అంత గందరగోళం.

కథ చెప్పడానికి ఎక్కువసేపు పట్టదు. కస్తీల్ పీఠభూమిలో ఒక పల్లెటూరు, 1940 ప్రాంతం. ఊరికి ఒక ట్రక్కులో సినిమా వస్తుంది, 1931 నాటి హాలీవుడ్ ‘ఫ్రాంకెన్‌స్టైన్’. జనం ఎవరి కుర్చీ వాళ్లు తెచ్చుకుని కూర్చుంటారు. ఆరేళ్ల ఆనా, ఆమె అక్క ఇసబెల్ కూడా చూస్తారు. రాక్షసుడు నిజంగానే ఊరి బయట ఉన్నాడని ఇసబెల్ చెల్లెలికి చెబుతుంది, ఆనా నమ్మేస్తుంది. పొలాల మధ్య పాడుబడ్డ గొర్రెల దొడ్డి దగ్గరికి రోజూ వెళ్లి వెతుకుతుంటే ఒకరోజు అక్కడ గాయపడిన మనిషి కనిపిస్తాడు. రైల్లోంచి దూకి పారిపోయి వచ్చినవాడు. ఆ తర్వాత ఏమవుతుందో కొంతసేపటికి చెబుతాను, ముందు చుట్టూ ఉన్న కాలం గురించి మాట్లాడుకోవాలి.

స్పెయిన్ అంతర్యుద్ధం 1936 జులైలో రిపబ్లిక్ ప్రభుత్వం మీద సైనిక తిరుగుబాటుతో మొదలై 1939 ఏప్రిల్ 1న ఫ్రాంకో గెలుపు ప్రకటనతో ముగిసింది. ముగిసింది అంటే తుపాకులు ఎదురెదురుగా పేలడం ఆగిందని మాత్రమే. ఓడిన పక్షంలో దాదాపు ఐదు లక్షల మంది సరిహద్దు దాటి ఫ్రాన్స్‌కు పోయారు, వాళ్లలో చాలామంది అక్కడి శిబిరాల్లో చిక్కుకున్నారు. దేశంలో మిగిలినవాళ్లకు సైనిక కోర్టులు, జైళ్లు, మరణశిక్షలు ఎదురయ్యాయి. 1940 నాటికి జైళ్లలో 2,50,000 మందికి పైగా ఉన్నారు. యుద్ధానికి ముందు చేసిన రాజకీయాలకు కూడా వెనక్కి వెళ్లి శిక్ష వేసే చట్టం 1939 ఫిబ్రవరిలోనే వచ్చింది. రొట్టె, నూనె రేషన్ మీద ఇచ్చేవారు, ఆ రేషన్ 1952 దాకా నడిచింది. కొండల్లో, అడవుల్లో కొందరు ఇంకా ఆయుధాలతో తిరుగుతూనే ఉన్నారు. వాళ్లకు తిండి పెట్టినా నేరమే.

సినిమాలో ఇవేవీ చెప్పరు. మొదట్లో ‘1940 ప్రాంతం’ అని వేయడం తప్ప యుద్ధం గురించి ఒక్క ముక్క రాదు. ఊరి మొదట్లో గోడ మీద కాడి, బాణాల గుర్తు మాత్రం కనిపిస్తుంది. అది ఫ్రాంకోను బలపరిచిన ఫలాంజ్ పార్టీ చిహ్నం. కెమెరా దాన్ని పట్టించుకున్నట్టే ఉండదు, ట్రక్కు దాని పక్కనుంచి వెళ్లిపోతుంది. ఆనాటి స్పానిష్ ప్రేక్షకులకు అంత చాలు.

ఇక రెండో మౌనం. 1973లో ఫ్రాంకో ఇంకా బతికే ఉన్నాడు, 1975 నవంబర్ దాకా ఉంటాడు. సినిమా తీయాలంటే ముందు స్క్రిప్టు సెన్సార్‌కు పంపాలి, తీశాక మళ్లీ చూపించాలి. ఆ స్క్రిప్టు సెన్సార్ 1976లో పోయింది, మొత్తం సెన్సార్ వ్యవస్థ 1977లో. యుద్ధం గురించి మాట్లాడకూడదని కాదు, అసలు ప్రభుత్వమే తెగ మాట్లాడేది. 1964లో ‘25 ఏళ్ల శాంతి’ పేరుతో దేశమంతా ఉత్సవాలు చేసింది. గెలిచినవాళ్ల చావులకు స్మారకాలు ఉన్నాయి, ఓడినవాళ్ల చావులకు మాట కూడా లేదు. నిర్మాత ఎలియాస్ కెరెహెతా ఈ వ్యవస్థతో ఏళ్ల తరబడి తలపడి ఆరితేరినవాడు, ఏది నేరుగా చెబితే కత్తెర పడుతుందో, ఏది పక్కనుంచి చెబితే పోనిస్తారో బాగా తెలిసినవాడు. ఇంత నెమ్మదిగా నడిచే సినిమా ఎవరు చూస్తారులే అని సెన్సార్ వాళ్లు దీన్ని వదిలేశారని చెబుతారు. అదే ఏడాది సాన్ సెబాస్టియన్ ఫెస్టివల్‌లో దీనికి అక్కడి అత్యున్నత బహుమతి గోల్డెన్ షెల్ వచ్చింది.

ఇక్కడే చాలా విశ్లేషణలు పక్కదారి పడతాయి. సెన్సార్ ఉంది కాబట్టి దర్శకుడు సందేశాన్ని గుర్తుల్లో దాచాడు, మనం విప్పాలి అంటారు. అప్పట్లో అలా తీసినవాళ్లు ఉన్నారు. అదే కెరెహెతా నిర్మాణంలో కార్లోస్ సౌరా 1974లో ‘లా ప్రీమా అంగేలికా’ తీశాడు. అందులో ఒక ఫలాంజ్ మనిషి చెయ్యి విరిగి, కట్టు కట్టాక అది ఫాసిస్టు సెల్యూట్ కొడుతున్నట్టే పైకి లేచి ఉండిపోతుంది. అది సూటి ఎగతాళి, దానికి వచ్చిన జవాబూ సూటిగానే ఉంది. బార్సిలోనాలో ఆ సినిమా ఆడుతున్న థియేటర్ మీద బాంబు దాడి జరిగింది. ఎరిసే పద్ధతి అది కాదు. ఆయన 1940లో పుట్టాడు, అంటే ఈ కథ జరిగే కాలంలోనే. ఆయన తరం పిల్లలకు యుద్ధం గురించి ఇంట్లో ఎవరూ చెప్పలేదు. పెద్దవాళ్లు ఏదో దాస్తున్నారని తెలుసు, అదేంటో తెలియదు. సెన్సార్ లేకపోయినా ఆ పిల్లల అనుభవాన్ని చూపించాలంటే ఇలాగే తీయాలి. ఆనాకు తెలియనిది మనకూ తెలియకూడదు. పట్టిక పట్టుకుని చూసేవాళ్లు జారవిడుచుకునేది ఇదే.

సినిమా మొత్తానికీ కీలకమైన చోటు ‘ఫ్రాంకెన్‌స్టైన్’ ప్రదర్శన. దీని దగ్గర కాసేపు ఆగుదాం. మొదట తెర మీద ఒక పెద్దమనిషి వచ్చి, ఇప్పుడు చూడబోయేది మరీ సీరియస్‌గా తీసుకోకండి అని హెచ్చరిస్తాడు. తర్వాత చెరువు గట్టున చిన్నపిల్ల మరియా, బోరిస్ కార్లోఫ్ వేసిన రాక్షసుడు. పిల్ల భయపడదు, పువ్వు ఇస్తుంది, ఇద్దరూ పువ్వులు నీళ్లలో వేసి తేలడం చూస్తుంటారు. తర్వాత మనకు కనిపించేది, తండ్రి ఆ పిల్ల శవాన్ని చేతుల మీద మోసుకుని ఊళ్లోకి నడిచి రావడం. మధ్యలో ఏమైందో కనిపించదు.

అసలు జేమ్స్ వేల్ తీసిన సినిమాలో మధ్యలో ఒక ముక్క ఉంది. పువ్వులు అయిపోతాయి, పిల్ల కూడా పువ్వులాగే తేలుతుందనుకుని రాక్షసుడు ఆమెను ఎత్తి నీళ్లలో వేస్తాడు, మునిగిపోయేసరికి కంగారుపడి పారిపోతాడు. అందులో క్రూరత్వం లేదు, తెలియనితనం ఉంది. అమెరికాలోనే చాలాచోట్ల సెన్సార్ దీన్ని కోసేసింది, దశాబ్దాల పాటు జనం చూసిన ప్రింట్లలో ఆ ముక్క లేదు, 1980లలో గానీ తిరిగి చేరలేదు. కోసినవాళ్లు పిల్లల్ని కాపాడుతున్నామనుకున్నారు, కానీ కోసేశాక మిగిలిన సీన్ ఇంకా ఘోరంగా తయారైంది. ఎందుకంటే మధ్యలో రాక్షసుడు ఏం చేసి ఉంటాడో ఇప్పుడు ప్రేక్షకుడే ఊహించుకోవాలి.

అందుకే ఆనా చీకట్లో అక్క వైపు తిరిగి అడుగుతుంది: ఆ పిల్లను ఎందుకు చంపాడు? తర్వాత వాణ్ని ఎందుకు చంపారు? ఈ ప్రశ్నకు ఇసబెల్ దగ్గర జవాబు లేదు, తర్వాత చెబుతానంటుంది. రాత్రి మంచం మీద గుసగుసలాడుతూ ఏదో ఒకటి అల్లేస్తుంది. సినిమాలో అన్నీ అబద్ధాలే, ఎవరూ చావలేదు, వాడు ఒక ఆత్మ, నేను చూశాను, నువ్వు స్నేహం చేస్తే వస్తాడు, కళ్లు మూసుకుని ‘నేను ఆనాని’ అని పిలువు అంటుంది. ఇక్కడి నుంచి సినిమా అంతా ఆ రెండు ప్రశ్నల వెంటే నడుస్తుంది. ఒక సెన్సార్ కత్తెర వల్ల పుట్టిన ప్రశ్నని, ఇంకో సెన్సార్ కింద బతుకుతున్న పిల్ల అడుగుతోంది. ఆ దేశంలో అప్పుడు పెద్దవాళ్లు కూడా బయటికి అడగలేని ప్రశ్న అదే: ఎవరు ఎవరిని చంపారు, ఎందుకు చంపారు? దీన్ని మించిన రాజకీయ డైలాగ్ ఈ సినిమాలో లేదు, దాన్ని సెన్సార్ ఎలా పట్టుకుంటుంది, ఒక పిల్ల దయ్యాల సినిమా గురించి అడుగుతున్న మాట కదా.

ఇంకో సంగతి. ఆ సీన్‌లో ఆనాగా వేసిన చిన్నపిల్ల ఆనా టొరెంట్ ముఖం మీద కనిపించేది నటన కాదు. నిజంగానే తెర మీద ‘ఫ్రాంకెన్‌స్టైన్’ వేసి, చూస్తున్న పిల్లను కెమెరామన్ లూయీస్ క్వద్రాదో కెమెరా చేత్తో పట్టుకుని తీశాడు. కళ్లు పెద్దవి చేసి, కొద్దిగా ముందుకు వంగి, నోరు తెరిచి చూసే ఆ కొన్ని క్షణాలు నిజంగా జరిగినవే. ఆ వయసు పిల్లకు నటన, నిజం తేడా ఇంకా పూర్తిగా తెలియదు. షూటింగులో వేరే పేర్లతో పిలుస్తుంటే అయోమయపడుతోందని, చివరికి నలుగురు ముఖ్య పాత్రలకూ నటీనటుల సొంత పేర్లే పెట్టేశారు. అందుకే తండ్రి ఫెర్నాండో, తల్లి తెరేసా, అక్క ఇసబెల్.

ఇప్పుడు ఇంట్లోకి వెళ్దాం. ఈ నలుగురూ ఒకే ఇంట్లో ఉంటారు గానీ ఒకే ఫ్రేములో ఉండరు. గమనించి చూడండి, టిఫిన్ బల్ల దగ్గర నలుగురూ కూర్చున్న సీన్‌లో కూడా ఒక్కొక్కరినీ విడివిడి షాట్లలోనే చూపిస్తాడు. భార్యాభర్తల మధ్య మాటలు దాదాపు లేవు. రాత్రి అతను గదిలోకి వస్తే ఆమె నిద్ర నటిస్తుంది, మనం చూసేది ఆమె ముఖాన్ని, అతను చప్పుళ్లలో, నీడలో మాత్రమే ఉంటాడు. పోట్లాట లేదు, అరుపుల్లేవు. యుద్ధం ఒక కుటుంబాన్ని ఏం చేసిందో చెప్పడానికి ఎరిసేకు ఇంతకన్నా అక్కర్లేదు.

తెరేసా ఎవరికో ఉత్తరం రాస్తుంటుంది, యుద్ధంలో విడిపోయిన మనిషికి. ప్రేమికుడా, తమ్ముడా, స్నేహితుడా చెప్పరు. ఇంట్లో గోడలు తప్ప ఏమీ మిగల్లేదని, పోయినవాటితో పాటు బతుకును నిజంగా అనుభవించే శక్తి కూడా పోయిందేమోనని రాస్తుంది. సైకిల్ మీద స్టేషన్‌కు వెళ్లి ఆ ఉత్తరాన్ని ఆగిన రైల్లో వేస్తుంది, కిటికీలోంచి ఒక కుర్ర సైనికుడు ఆమె వైపు, ఆమె అతని వైపు చూస్తారు, రైలు కదిలిపోతుంది. సినిమా చివర్లో ఇంకో ఉత్తరం రాసి పోస్టు చేయకుండా మంటలో వేస్తుంది. ఫెర్నాండో రాత్రంతా మేలుకుని తేనెటీగల గురించి రాస్తుంటాడు. అద్దాల తేనెపెట్టె లోపలి అలుపులేని కదలిక చూసిన ఒక అతిథి ముఖంలోకి దిగులు, భయం వచ్చాయని రాస్తాడు, రాసి కొన్ని మాటలు కొట్టేస్తాడు. ఆ భాగం, సినిమా పేరు కూడా బెల్జియం రచయిత మారిస్ మేటర్‌లింక్ 1901లో తేనెటీగల మీద రాసిన పుస్తకం నుంచి వచ్చినవే.

ఫెర్నాండో ఏ పక్షం? సినిమా చెప్పదు, కానీ ఆనా తిప్పే ఫొటో ఆల్బంలో ఒక ఆధారం ఉంది. అందులో కుర్రవాడైన ఫెర్నాండో, మిగెల్ దె ఉనమూనోతో కలిసి కనిపిస్తాడు. ఉనమూనో సలమాంకా విశ్వవిద్యాలయ రెక్టర్, పెద్ద రచయిత. మొదట తిరుగుబాటును సమర్థించి, తర్వాత 1936 అక్టోబర్‌లో నిండు సభలో ఫ్రాంకో పక్షాన్ని ఎదిరించి మాట్లాడి, పదవి పోగొట్టుకుని, ఆ ఏడాది చివరి రోజున కన్నుమూశాడు. ఆ ఒక్క ఫొటోతో ఫెర్నాండో ఎలాంటి లోకం నుంచి వచ్చాడో, ఇప్పుడు పల్లెలో తేనెటీగలతో ఎందుకు గడుపుతున్నాడో ఊహించుకోవచ్చు. దేశం విడిచిపోకుండానే దేశానికి దూరమైనవాళ్లు అప్పుడు చాలామంది ఉన్నారు, అతను వాళ్లలో ఒకడు. అంతకుమించి లాగకూడదు. అతను రహస్యంగా రిపబ్లికన్లతో సంబంధాలు పెట్టుకున్నాడని రాసినవాళ్లను చూశాను, సినిమాలో అలాంటిదేమీ లేదు.

ఇసబెల్ విషయంలో నాకు చాలామంది విమర్శకులతో పేచీ ఉంది. ఆమెను ‘క్రూరత్వం నేర్చుకుంటున్న స్పెయిన్’గా చూస్తారు. పిల్లి మెడ బిగిస్తుంది, అది గీరితే వేలి మీద వచ్చిన రక్తాన్ని అద్దం ముందు పెదాలకు లిప్‌స్టిక్‌లా రాసుకుంటుంది, చచ్చినట్టు పడుకుని చెల్లెల్ని భయపెడుతుంది. నిజమే, కానీ ఆమె కూడా ఆ ప్రశ్ననే పట్టుకుని ఉంది, చావంటే ఏంటి అని. కాకపోతే ఆట ఆడి తెలుసుకుంటుంది, ఆనా మాత్రం నమ్మి తెలుసుకుంటుంది. ఆనాకు జ్వరం వచ్చాక ఒంటరిగా పడుకోవడానికి భయపడేది ఇసబెల్లే.

ఇక పారిపోయి వచ్చిన మనిషి. అతను ఎవరో, ఏ పక్షమో, పేరేంటో తెలియదు. ఆనాకు అతనే ఆ ఆత్మ. యాపిల్ ఇస్తుంది, తేనె తెస్తుంది, నాన్న కోటు తెస్తుంది. కోటు జేబులో నాన్న గడియారం ఉంది, మూత తెరిస్తే సంగీతం వినిపించేది. అతను దాన్ని మాయం చేసి మళ్లీ తెప్పించి పిల్లను నవ్విస్తాడు. ఆ రాత్రి దూరం నుంచి దొడ్డి, చీకట్లో తుపాకీ మెరుపులు. ముఖాలు లేవు, అరుపులు లేవు, కొన్ని సెకన్లలో అయిపోతుంది. శవాన్ని ఎక్కడ పడుకోబెట్టారో చూడండి, సినిమా వేసిన అదే హాల్లో, అదే తెర ముందు.

తర్వాతి సీన్ నా దృష్టిలో సినిమా మొత్తంలోనే అతి టెన్షన్ పెట్టేది. పోలీసుల దగ్గర గడియారం తిరిగి తీసుకున్న ఫెర్నాండో, బల్ల దగ్గర ఏమీ అడగకుండా దాన్ని తెరుస్తాడు. సంగీతం వస్తుంది. ఇసబెల్ ముఖంలో ఏమీ లేదు. ఆనా తలెత్తి చూస్తుంది. అయిపోయింది, ఇద్దరికీ తెలిసిపోయింది, ఒక్క మాట లేదు. ఇక్కడ తండ్రి తప్పేంటి? శత్రువుకు సాయం చేసిన కుటుంబంగా ముద్ర పడితే ఏమవుతుందో అతనికి తెలుసు, భయపడ్డాడు, అంతే. కానీ ఆనా చూసిన లెక్క వేరు: నా స్నేహితుడి దగ్గరున్న గడియారం నాన్న చేతిలో ఉంది. అంటే చంపింది ఎవరు? ‘రాక్షసుడంటే తండ్రే’ అనే వ్యాఖ్యానం ఇక్కడి నుంచి వచ్చింది. కానీ ఈ సీన్‌లో రాక్షసుడు ఎవరూ లేరు, ఇద్దరి మధ్య చెప్పుకోని మాట ఉంది. ఆ రాత్రి అడవిలో నీటి ఒడ్డున ఆనాకు ఫ్రాంకెన్‌స్టైన్ రాక్షసుడు కనిపించినప్పుడు, చెరువు సీనే మళ్లీ జరుగుతుంది, ఇక్కడా చివర్న ఏమైందో మనకు చూపించకుండానే సీన్ మారిపోతుంది.

తేనె రంగు కాంతి, ఆరు పలకల గడుల కిటికీలు, ఖాళీ పొలాలు, వీటి గురించి ఇప్పటికే చాలా రాశారు. వాటిని తీసిన క్వద్రాదోకు అప్పటికే చూపు పోతోంది అన్న సంగతి మాత్రం చెప్పి వదిలేస్తాను.

ఆనా ప్రశ్నంత రాజకీయమైన ఇంకో మాట ఎవరూ పట్టించుకోని చోట ఉంది. జ్వరంతో పడుకున్న ఆనాను చూసిన డాక్టర్ తల్లికి ధైర్యం చెబుతాడు: చిన్నపిల్ల, మెల్లమెల్లగా మర్చిపోతుంది, బతికి ఉంది, అదే ముఖ్యం. మంచి డాక్టరే, మంచి మాటే. కానీ తర్వాత స్పెయిన్ నిజంగానే ఆ మందు వాడింది. ఫ్రాంకో పోయాక 1977లో చేసిన క్షమాభిక్ష చట్టం రెండు వైపుల నేరాలనూ మూసేసింది, మర్చిపోదాం అన్నది ఒక రకమైన ఒప్పందం అయింది. ప్రజాస్వామ్యం నిలబడటానికి అది అవసరమైందని వాదించేవాళ్లున్నారు, ఆ వాదనను తేలిగ్గా తీసేయలేం. కానీ 2000లో ప్రియరాన్సా దెల్ బియెర్సో అనే ఊరి దగ్గర రోడ్డు పక్కన గుంట తవ్వి, 1936లో కాల్చి పూడ్చిన 13 మంది ఎముకలు తీశారు. తవ్వించింది ప్రభుత్వం కాదు, చనిపోయినవాళ్లలో ఒకరి మనవడు. తర్వాత దేశమంతా అలాంటి గుంటలు తవ్వడం మొదలైంది, 2007లో చారిత్రక జ్ఞాపకాల చట్టం వచ్చింది. ఆ డాక్టర్ చెప్పినట్టు మర్చిపోవడం జరగలేదు, వాయిదా పడిందంతే.

మొదటిసారి చూసేవాళ్లకు: 97 నిమిషాల సినిమా, ఒకే కూర్చుడులో చూడండి, శబ్దాలు బాగా వినిపించేలా చూసుకోండి, ఎందుకంటే సగం కథ రైలు కూతల్లో, అడుగుల చప్పుళ్లలో, తేనెటీగల రొదలో ఉంది. 1931 సినిమా ముందే చూడక్కర్లేదు, చూడకపోతేనే నయం, ఆనాకు తెలియనిది మీకూ తెలియకుండా ఉంటుంది. ఎరిసే తర్వాత చాలా తక్కువ తీశాడు. 1983లో ‘ఎల్ సూర్’, అదీ యుద్ధం నీడలో తండ్రీకూతుళ్ల కథే, రెండో సగం షూటింగ్ జరగకుండానే నిర్మాత ఆపేశాడు. 1992లో ఒక చిత్రకారుడు తన పెరట్లో చెట్టును గీయడం మీద ఒకటి. ఆ తర్వాత పూర్తి నిడివి సినిమా 2023లో వచ్చిన ‘సెర్రార్ లోస్ ఓహోస్’. అందులో యాభై ఏళ్లు దాటిన ఆనా టొరెంట్ మళ్లీ ఆనా అనే పాత్రలోనే, ఈసారి జ్ఞాపకం పోగొట్టుకున్న తండ్రి ముందు నిలబడుతుంది. దాన్ని ఇది చూశాకే చూడండి, లేకపోతే అక్కడ ఆమె చెప్పే ఒక చిన్న మాట మామూలు డైలాగ్‌లా దాటిపోతుంది.